‘ఆన్‌లైన్‌లో మాత్రమే’ అన్న చోట ఆ ‘మాత్రమే’ను తీసేయండి

ప్రజాసేవలను ఆన్‌లైన్‌లోకి మార్చే నిర్ణయాలు తీసుకుంటున్న అధికారులకు, ఆ వెబ్‌సైట్లనూ యాప్‌లనూ తయారుచేస్తున్న సాంకేతిక నిపుణులకు నమస్కారాలతో రాస్తున్న బహిరంగ లేఖ.

ఒక ప్రజా గ్రంథాలయంలో కంప్యూటర్ల బల్ల దగ్గర ఆరేళ్లుగా స్వచ్ఛందంగా పనిచేస్తున్నాను. పుస్తకాలు వెతికిపెట్టడానికని చేరినదాన్ని, ఇప్పుడు రోజంతా ఫారాలు నింపిపెడుతున్నాను. పింఛను, వైద్య సహాయం, పిల్లల బడి ప్రవేశం, ఉద్యోగ దరఖాస్తు, ఏదో ఒక ధ్రువపత్రం: ఇవన్నీ ఒకప్పుడు కౌంటర్ ముందు నిలబడి ఒక మనిషితో మాట్లాడి చేసుకున్న పనులే. మీరు ఆ కౌంటర్లను ఒక్కొక్కటిగా మూసేస్తూ వచ్చారు. వాటి ముందు నిలబడిన మనుషులు మాత్రం ఎక్కడికీ పోలేదు. వారిలో కొందరు నా బల్ల దగ్గరికి వస్తున్నారు. అంతకంటే ఎక్కువమంది ఎక్కడికి వెళ్లాలో తెలియక ఇంట్లోనే ఉండిపోతున్నారు. ఈ ఉత్తరం ఆ ఇద్దరి గురించీ.

నేను ఆన్‌లైన్ సేవలకు వ్యతిరేకిని కాను. నడవలేని మనిషి గడప దాటకుండా దరఖాస్తు పెట్టుకోగలగడం, సెలవు దొరకని ఉద్యోగి అర్ధరాత్రి తన పని తాను పూర్తిచేసుకోగలగడం చిన్న విషయాలు కావని నాకు తెలుసు. నా అభ్యంతరమంతా ఒక్క మాట మీదే. “దరఖాస్తులు ఆన్‌లైన్‌లో మాత్రమే స్వీకరించబడును” అని మీ ప్రకటనల చివర ఉంటుంది చూడండి, అందులోని ‘మాత్రమే’ మీద.

ఆ మాట ఒక మనిషిని ఏం చేస్తుందో నేను దగ్గరగా చూశాను. కిందటి ఏడాది ఒక ఉదయం డెబ్బై దాటిన పెద్దావిడ ఒకరు వచ్చారు. తాను జీవించే ఉన్నానన్న ధ్రువీకరణను ఇకపై ఆన్‌లైన్‌లో పంపితేనే పింఛను కొనసాగుతుందని ఆవిడకు ఉత్తరం వచ్చింది. దాన్ని నాలుగు మడతలు పెట్టి ఫోన్ కవరులో దాచుకున్నారు. ఆ ఫోన్ అద్దం కింద ఒక మూల పగిలింది, అక్కడ వేలు ఎంత నొక్కినా పలకదు. సరిగ్గా ఆ మూలలోనే ‘కొనసాగించు’ అనే బటన్ వస్తోంది. అందుకని కంప్యూటర్ మీద మొదలుపెట్టాం. వివరాలన్నీ నింపాక, నమోదైన నంబరుకు ఓటీపీ పంపామని తెర మీద కనిపించింది. ఆ నంబరు ఆవిడది కాదు, పెద్దకొడుకుది, ఎందుకంటే నమోదు చేయించుకున్న రోజున ఆ ఇంట్లో ఉన్నది అతని ఫోన్ ఒక్కటే. అతను వేరే ఊళ్లో రాత్రి షిఫ్టు చేసి వచ్చి నిద్రపోతున్నాడు. మూడోసారి చేస్తే ఫోనెత్తి, నిద్రమత్తులో అంకెలు చదివి వినిపించేసరికి గడువు దాటిపోయింది. రెండో ఓటీపీలో తొందరలో ఒక అంకె నేనే తప్పు విన్నాను. మూడోదానికి కూడా సమయం చాలలేదు. ఖాతాను 24 గంటల పాటు నిలిపివేశామని ఎర్రటి అక్షరాలు వచ్చాయి. ఆవిడ తెరను వదిలి నా ముఖంలోకి చూసి అడిగారు: “నేను నీ ఎదురుగానే కూర్చున్నాను కదమ్మా, బతికే ఉన్నానని ఇంకెవరు చెప్పాలి?”

నా దగ్గర జవాబు లేదు. కౌంటర్ ఉన్న రోజుల్లో గుమాస్తా తలెత్తి ఒక్కసారి చూస్తే తేలిపోయిన విషయం అది. ఆ రోజులన్నీ బంగారు రోజులని నేను అనడం లేదు. రేపు రమ్మనడం, కాళ్లరిగేలా తిప్పించుకోవడం, చేయి తడిపితే గాని కాగితం కదలకపోవడం అందరికీ అనుభవమే. కానీ కౌంటర్ వెనక ఉన్న మనిషిని అడగవచ్చు, వాదించవచ్చు, ఆయన వినకపోతే పై అధికారి దగ్గరికి వెళ్లవచ్చు. తన పరిస్థితి ఫారంలోని ఏ గడిలోనూ పట్టదని చెప్పుకోవచ్చు. తెరకు అలా చెప్పుకునే వీలు లేదు. అది అడిగిన గడి నింపాలి, లేదా వెనక్కి తిరిగి వెళ్లాలి.

డిజిటల్ అంతరం, అంటే ఇంటర్నెట్ అందినవారికీ అందనివారికీ మధ్య ఉన్న దూరం, అనగానే మీ సమావేశాల్లో మొదట వచ్చే మాట సిగ్నల్. టవర్లు వేస్తున్నాం, కేబుళ్లు పరుస్తున్నాం, అంతరం తగ్గుతోంది అంటారు. తగ్గుతోంది, నిజమే. అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ సంఘం 2024లో ప్రకటించిన అంచనాల ప్రకారం ప్రపంచంలో 260 కోట్ల మంది ఇంటర్నెట్‌కు దూరంగా ఉన్నారు. తర్వాత ఆ సంఘమే 2024 సంఖ్యను 230 కోట్లకు సవరించింది, 2025 అంచనాల్లో అది 220 కోట్లు. కానీ టవర్ వచ్చినంత మాత్రాన మనిషి ఆన్‌లైన్‌లోకి వచ్చినట్టు కాదు. మొబైల్ సంస్థల ప్రపంచ సంఘమైన జీఎస్‌ఎంఏ 2024 నివేదిక చూడండి. మొబైల్ ఇంటర్నెట్ సిగ్నల్ అసలే అందని చోట ఉంటున్నవారు ప్రపంచ జనాభాలో 4 శాతం. సిగ్నల్ అందుతున్నా మొబైల్ ఇంటర్నెట్ వాడనివారు 39 శాతం, అంటే దాదాపు 310 కోట్ల మంది (ఇది మొబైల్‌లో ఇంటర్నెట్ వాడకం లెక్క మాత్రమే కనుక పై సంఖ్యల కంటే ఎక్కువ). ఆ టవర్ నీడలోనే బతుకుతున్న ఇంతమందికి అది ఎందుకు ఉపయోగపడడం లేదన్నదే అసలు ప్రశ్న. దానికి కేబుల్ ఒక్కటే జవాబు కాలేదు.

మొదటి కారణం ఖర్చు. ఇక్కడ మీ లెక్కలో ఉన్న ఒక లోపాన్ని చెప్పాలి. కనీస స్థాయి బ్రాడ్‌బ్యాండ్ ధర తలసరి నెల ఆదాయంలో 2 శాతం మించకూడదని ఐక్యరాజ్యసమితి బ్రాడ్‌బ్యాండ్ కమిషన్ 2025ను గడువుగా పెట్టి లక్ష్యం నిర్దేశించింది. మంచి లక్ష్యమే. కానీ అది దేశ సగటు ఆదాయంలో 2 శాతం. సగటులో నాలుగో వంతు మాత్రమే సంపాదించే ఇంటికి అదే ధర 8 శాతం అవుతుంది. పైగా అది కనెక్షన్ ఖర్చు మాత్రమే. ఫోను కొనడం, పగిలితే బాగుచేయించడం, పాత ఫోనులో యాప్ పనిచేయడం ఆగిపోతే ఇంకొకటి కొనడం ఆ లెక్కలో లేవు. బాగా పనిచేస్తున్న ఫోను కూడా ‘మీ పరికరంలో ఈ యాప్ పనిచేయదు’ అన్న ఒక్క వాక్యంతో పనికిరానిదైపోవడం నేను చాలాసార్లు చూశాను. కొత్త వెర్షన్ విడుదల చేసేటప్పుడు ఆ వాక్యం ఎంతమందిని బయటికి నెడుతుందో మీలో ఎవరైనా లెక్కించారా?

రెండో కారణం ఇంటి లోపలే ఉంది, అది మీ సర్వేలకు ఓ పట్టాన కనిపించదు. ఇంట్లో ఒక స్మార్ట్‌ఫోన్ ఉంటే ఆ ఇల్లు ‘అనుసంధానమైన కుటుంబం’గా లెక్కకు వస్తుంది. ఆ ఫోను ఎవరి జేబులో ఉంటుందో, ఎవరికి ఎప్పుడు చేతికొస్తుందో ఎవరూ అడగరు. 2024లో ప్రపంచవ్యాప్తంగా పురుషుల్లో 70 శాతం, స్త్రీలలో 65 శాతం ఇంటర్నెట్ వాడుతున్నారని టెలికమ్యూనికేషన్ సంఘమే చెప్పింది. మనుషుల లెక్కలో అది 18 కోట్లకు పైగా తేడా. నా బల్ల దగ్గరికి వచ్చే ఆడవాళ్లలో చాలామందికి సొంత నంబరు లేదు. భర్త నంబరో, కొడుకు నంబరో, మరిది నంబరో ఇస్తారు. ఇంట్లో వేధింపుల గురించి ఫిర్యాదు చేయాలనుకున్న స్త్రీకి, ఆ ఫిర్యాదు నమోదైందన్న సందేశం వేధించేవాడి ఫోనుకే వెళ్లే పరిస్థితిని మీరు ఊహించి చూడండి. అలాంటి ఫారం నింపడానికి కూర్చున్న ఒకామె ‘మొబైల్ నంబరు తప్పనిసరి’ అన్న గడి దగ్గరికి వచ్చి, ఏమీ అనకుండా లేచి వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు.

పిల్లల విషయమూ అంతే. మహమ్మారి రోజుల్లో, 2020 డిసెంబరులో, యునిసెఫ్, టెలికమ్యూనికేషన్ సంఘం కలిసి ఇచ్చిన నివేదిక ప్రకారం 3 నుంచి 17 ఏళ్ల లోపు పిల్లల్లో మూడింట రెండు వంతుల మందికి, అంటే 130 కోట్ల మందికి, ఇంట్లో ఇంటర్నెట్ లేదు. బడులు తిరిగి తెరుచుకున్నాయి గాని అప్పుడు మొదలైన అలవాటు పోలేదు. ఇంటిపని ఫోనుకే వస్తుంది, ఫలితాలు ఫోనుకే వస్తాయి, ఫోను మాత్రం నాన్నతో పాటు పనికి పోతుంది. చీకటి పడ్డాక ఆయన వచ్చేదాకా ఎదురుచూసే పిల్లవాడు మరుసటి రోజు తరగతిలో ‘ఇంటిపని చేయని’ వాడిగా లేచి నిలబడతాడు.

ఇక భాష, చదువు, వైకల్యం. వెబ్‌సైట్లలో సుమారు సగం ఇంగ్లిషులోనే ఉన్నాయి. మనుషులు మాట్లాడే భాషలు దాదాపు 7,000. మాతృభాషలో పేజీ ఉన్నచోట కూడా పై వరస మాత్రమే అనువాదమై ఉంటుంది, తప్పు జరిగినప్పుడు వచ్చే ఎర్రటి హెచ్చరిక ఇంగ్లిషులోనే వస్తుంది. సహాయం అత్యవసరమైన చోటే భాష మారిపోతుందన్నమాట. చూపు లేనివారు, తెర మీది అక్షరాలను పైకి చదివి వినిపించే స్క్రీన్ రీడర్‌తో చదవగలిగేలా పేజీలు ఎలా తయారుచేయాలో చెప్పే మార్గదర్శకాలను వెబ్ ప్రమాణాల సంస్థ 1999లోనే ఇచ్చింది. వికలాంగుల హక్కులపై 2006 నాటి ఐక్యరాజ్యసమితి ఒప్పందం, సమాచార సాంకేతికత వారికి అందుబాటులో ఉండేలా చూసే బాధ్యతను ప్రభుత్వాల మీద పెట్టింది. ఇన్నేళ్ల తర్వాత, 2025లో వెబ్‌ఎయిమ్ అనే సంస్థ 10 లక్షల వెబ్‌సైట్ల మొదటి పేజీలను పరీక్షిస్తే 94.8 శాతం పేజీల్లో ఆ మార్గదర్శకాల తర్వాతి రూపానికి విరుద్ధమైన లోపాలు బయటపడ్డాయి. అదే ఏడాది ఏప్రిల్ 30న భారత సుప్రీంకోర్టు ఇచ్చిన ఒక తీర్పును మీరంతా చదవాలని కోరుతున్నాను. యాసిడ్ దాడిలో ముఖం, కళ్లు దెబ్బతిన్నవారు, చూపు లేనివారు కోర్టుకు వెళ్లారు. ఎందుకంటే, గుర్తింపు ధ్రువీకరణ కోసం కెమెరా ముందు కళ్లార్పమని యంత్రం అడుగుతోంది. కళ్లార్పలేని మనిషి ఉంటాడని దాన్ని తయారుచేసినవారికి తోచలేదు. డిజిటల్ సేవలను అందుకోవడం జీవించే హక్కులో భాగమని కోర్టు చెప్పింది, ధ్రువీకరణకు వేరే దారులు కల్పించమని ఆదేశించింది. ఆ మాత్రం సంగతి గ్రహించడానికి సుప్రీంకోర్టు దాకా వెళ్లవలసి రావడమే నన్ను బాధపెడుతోంది.

వీటన్నిటికంటే నన్ను ఎక్కువగా కలవరపెట్టే విషయం మరొకటి ఉంది. ‘మీ పాస్‌వర్డ్, ఓటీపీ ఎవరికీ చెప్పకండి’ అని మీరు ప్రతి పేజీలోనూ హెచ్చరిస్తారు. మంచి హెచ్చరికే. కానీ నా బల్ల దగ్గర కూర్చునే ప్రతి మనిషీ ఆ రెండూ నాకు చెప్పక తప్పదు. చీటీ మీద రాసుకొచ్చి ఇస్తారు, లేదా నలుగురూ వినేలా పైకి చదువుతారు. నేను వాటిని చూసి మరిచిపోతాను, చీటీ వారి చేతికే తిరిగి ఇస్తాను. నా బల్లదాకా రాలేనివారు డబ్బు తీసుకుని ఫారాలు నింపే మధ్యవర్తుల దగ్గరికి వెళతారు. అక్కడ ఆ చీటీ ఏమవుతుందో వారికి తెలియదు, తమ ఖాతాలోకి ఎవరు వెళుతున్నారో తెలియదు, తమ పేరున ఏ నంబరు నమోదైందో కూడా తెలియదు. దళారులు లేకుండా చేస్తామని మొదలుపెట్టిన వ్యవస్థ, కొత్త దళారుల చేతిలో తాళంచెవులన్నీ పెట్టింది. తనంతట తాను చేసుకోలేనివాడికి చట్టబద్ధంగా సాయం చేసే దారిని మీరు ఏర్పాటు చేయలేదు కాబట్టే ఇలా జరుగుతోంది. సహాయకుడికి వేరే లాగిన్ ఇచ్చి, ఎవరి తరఫున ఏం చేశాడో నమోదయ్యేలా చేసి, ఆ అనుమతిని ఎప్పుడంటే అప్పుడు వెనక్కి తీసుకునే వీలు కల్పించడం మీకు అసాధ్యమైన సాంకేతికత కాదు. బ్యాంకు లావాదేవీలను రెప్పపాటులో పూర్తిచేయగలిగిన నిపుణులు మీలోనే ఉన్నారు.

కౌంటర్లు మూసేయడం వల్ల పొదుపు జరిగిందని మీ వార్షిక నివేదికలు చెబుతాయి. ఆ పొదుపు ఎక్కడి నుంచి వచ్చిందో ఆలోచించారా? గుమాస్తా చేసే పని ఆగిపోలేదు. ఆ పని ఇప్పుడు దరఖాస్తుదారు చేస్తున్నాడు, అతని కూతురు చేస్తోంది, గ్రంథాలయంలో నేను చేస్తున్నాను. పెద్దావిడ ధ్రువీకరణ మూడో రోజు తెల్లవారుజామున, కొడుకు షిఫ్టు ముగించుకుని ఇంకా పడుకోక ముందు పూర్తయింది. మూడు రోజులు ఆవిడ రానూపోనూ ప్రయాణం, నా నాలుగు గంటలు, అతని నిద్ర: ఇవి ఏ పద్దులోనూ కనిపించవు. ఉన్నవాడికి ఈ మార్పు వల్ల పదినిమిషాలు కలిసొచ్చింది, లేనివాడికి ఒక రోజు కూలి పోయింది. సౌకర్యం పైమెట్టు వారికి, ఖర్చు కిందిమెట్టు వారికి చేరే ఏర్పాటును పొదుపు అని పిలవడానికి నాకు మనసొప్పడం లేదు.

మీ విజయాన్ని కొలిచే పద్ధతి కూడా దీన్ని కప్పిపెడుతోంది. ఎన్ని దరఖాస్తులు అందాయి, ఎంత త్వరగా పరిష్కారమయ్యాయి అని లెక్కిస్తారు. సగంలో ఆగిపోయినవి ఎన్ని? ఏ పేజీ దగ్గర ఆగాయి? ఫొటో 50 కేబీ మించకూడదన్న నిబంధన దగ్గర ఎంతమంది వెనక్కి వెళ్లారు? నిరుడు సాయం అందుకుని ఈ ఏడు అసలు దరఖాస్తే పెట్టనివారెవరు? మొదటి మూడు ప్రశ్నలకు జవాబు మీ సర్వర్లలోనే ఉంది, అడిగితే ఈ రోజే వస్తుంది. చివరిదానికి మాత్రం మనుషుల ఇళ్లకు వెళ్లాలి. అది కూడా చేయాలనే నా కోరిక.

ఇదంతా మీకు ఎవరూ చెప్పలేదని కాదు. 1995లోనే అమెరికా వాణిజ్య శాఖ విభాగం ఒకటి, టెలిఫోను, కంప్యూటర్ లేని ఇళ్లు వెనకబడిపోతున్నాయని నివేదిక ఇచ్చింది. 2019లో పేదరికంపై ఐక్యరాజ్యసమితి ప్రత్యేక నివేదకుడు ఫిలిప్ ఆల్‌స్టన్, ఐచ్ఛికమంటూ మొదలైన డిజిటల్ సంక్షేమ సేవలు ఆచరణలో డిజిటల్ మాత్రమే అయిపోతున్నాయని సర్వప్రతినిధి సభ ముందు పెట్టిన నివేదికలో హెచ్చరించారు. దారి లేదని కూడా కాదు. 2010లో ఫిన్లాండ్ తన పౌరులందరికీ 1 ఎంబీపీఎస్ (సెకనుకు ఒక మెగాబిట్) వేగం గల ఇంటర్నెట్ కనెక్షన్‌ను చట్టబద్ధమైన హక్కుగా చేసింది. 2014 నవంబరు నుంచి ప్రభుత్వ ఉత్తరాలన్నీ డిజిటల్‌గానే పంపడం మొదలుపెట్టిన డెన్మార్క్ కూడా, డిజిటల్‌గా అందుకోలేనివారు మినహాయింపు కోరితే కాగితం ఉత్తరమే పంపేలా చట్టంలో చోటు పెట్టింది. ఎంతో ముందుకు వెళ్లిన దేశమే వెనక ఉన్నవారి కోసం ఒక తలుపు తెరిచి ఉంచినప్పుడు, మిగతావారు దాన్ని మూసేయడానికి తొందరపడవలసిన అవసరం నాకు కనిపించడం లేదు.

కనుక నేను అడిగేది ఇది. బతుకు ఆధారపడిన ఏ సేవకైనా, అంటే పింఛను, వైద్యం, చదువు, ఆహార భద్రత, గుర్తింపు పత్రం, ఫిర్యాదు వంటివాటికి, మనిషి ఎదురుగా కూర్చుని జవాబు చెప్పే చోటు ఒకటి, మనిషే ఎత్తే ఫోన్ నంబరు ఒకటి తప్పనిసరిగా ఉండాలని నిబంధనలో రాయండి. అది దయతో చేసే ఏర్పాటుగా కాక హక్కుగా ఉండాలి, దాన్ని వాడుకున్నందుకు అదనపు రుసుము గాని ఆలస్యం గాని ఉండకూడదు. వ్యవస్థ పనిచేయక గడువు దాటితే ఆ తప్పు దరఖాస్తుదారు మీద వేయకండి. ఎర్రటి హెచ్చరిక వచ్చిన ప్రతిసారీ దానికొక రసీదు సంఖ్య ఇస్తే చాలు, తాను ప్రయత్నించానని చూపించుకోవడానికి అతనికి ఆధారం ఉంటుంది. సగం నింపిన ఫారాన్ని దాచిపెట్టి, మర్నాడు అక్కడి నుంచే మొదలుపెట్టనివ్వండి. ఇప్పుడు ఫోను మోగి రెండు నిమిషాలు పక్కకు వెళ్లొస్తే సెషన్ ముగిసిందంటూ గంటసేపు నింపినదంతా తుడిచిపెట్టుకుపోతోంది. గ్రంథాలయాలకు, ఊరిలో ఫారాలు నింపిపెట్టే సహాయకులకు జీతమూ శిక్షణా ఇవ్వండి, ఎందుకంటే మీ కార్యాలయం పనిని వాళ్లే చేస్తున్నారు. కొత్త వెబ్‌సైట్ ప్రారంభించే ముందు, అయిదేళ్ల నాటి ఫోను, నెమ్మదైన కనెక్షన్, వేరేవారి చేతిలో ఉన్న నంబరు, ఈ మూడింటితో దాన్ని మీ ఉన్నతాధికారి చేతే మొదటి నుంచి చివరిదాకా నింపించండి. అది పూర్తయ్యాకే ప్రారంభోత్సవం పెట్టుకోండి.

వచ్చే నెలలో ఆ పెద్దావిడ ధ్రువీకరణ గడువు మళ్లీ వస్తోంది. కొడుకు నంబరు మారిందట, పాత నంబరుకు ఓటీపీ వస్తే గాని కొత్త నంబరు నమోదు కాదని మీ పేజీలో ఉంది. ఆవిడను ఏ కౌంటర్ దగ్గరికి తీసుకెళ్లమంటారో తెలియజేయండి. జవాబు నాకు ఏ రూపంలో పంపినా సరే, ఆవిడకు మాత్రం కాగితం మీద, పెద్ద అక్షరాల్లో, ఆవిడ భాషలో పంపండి.

ఇట్లు,
భవదీయురాలు,
ఒక గ్రంథాలయ స్వచ్ఛంద సేవకురాలు